కుక్క మొహం గీరుకుని గీరుకుని చచ్చిపోయింది, పందిపిల్లలు వణుకుతున్నాయి, ఇది రేబిసేనా?

కావలి_సీమపందులు:
అందరికీ నమస్కారం. కొంచెం పెద్ద పోస్టు, ఓపిగ్గా చదవండి. రెండు రోజులుగా ఇంట్లో ఎవరికీ నిద్ర లేదు.

మాది కావలి దగ్గర పల్లెటూరు. ఊరి బయట చెరువు కట్ట పక్కన చిన్న షెడ్డు, అందులో 14 తల్లి సీమపందులు, ఒక పోతుపంది, మిగతావి పిల్లలు. మేత కొంత తవుడు, మిగతాదంతా కావలిలో రెండు మెస్సుల నుంచి నాన్న ఆటోలో తెచ్చే ఎంగిలన్నం. ఆరేళ్ళుగా ఇదే పద్ధతి, ఎప్పుడూ ఏమీ కాలేదు.

పోయిన నెల వేరే జిల్లాలో ఒకాయన ఫారం ఎత్తేస్తుంటే మూడు ఎదిగిన ఆడపందులు చవగ్గా వచ్చాయని తెచ్చి నేరుగా మా వాటిలోనే కలిపేశాం. అవి చూడటానికి బాగానే ఉన్నాయి, రెండు రోజులు తుమ్మాయి అంతే. తర్వాత వారం పది రోజులకి ఒక చూడి పంది నెలలు నిండకుండానే ఈసుకుపోయింది. ఆ వెనకే రెండు ఈతల పిల్లలు, పుట్టి పది రోజులు కూడా కాలేదు, ఒక్కసారిగా వణకడం, పక్కకి పడిపోయి సైకిల్ తొక్కినట్టు కాళ్ళు కొట్టుకోవడం, నోట్లో నురగ. 21 పిల్లల్లో 17 పోయాయి. కొంచెం పెద్దవి దగ్గుతున్నాయి, మేత తగ్గించాయి, కానీ రెండు మూడు రోజుల్లో లేస్తున్నాయి. పెద్ద పందుల్లో ఒక్కటీ చావలేదు.

ఇంతవరకు పందుల జబ్బు అనుకున్నాం. ఆదివారం సాయంత్రం మా కుక్క బ్లాకీ ముందు కాలితో మొహం గీరుకోవడం మొదలుపెట్టింది. రాత్రికి గోడకేసి రుద్దుకుంటూ దవడ దగ్గర చర్మం ఊడి రక్తం వచ్చేదాకా పోయింది. చొంగ కారుతూనే ఉంది, గొంతు మారింది, నీళ్ళు మింగలేకపోయింది. ఎవరి మీదికీ రాలేదు, కరవలేదు. సోమవారం రాత్రికి పోయింది. మా తమ్ముడు దాని నోరు పట్టుకుని మజ్జిగ పోయబోయాడు, వాడి చేతికి అంతకు ముందు రేకు గీసుకున్న గాయం ఉంది. నాన్నేమో ఏదో పురుగు కుట్టింది పోనీలే అని వేపచెట్టు కింద పూడ్చేశాడు.

తర్వాత అమ్మ చెప్పింది, చచ్చిన పిల్లల్ని గుంత తీసేలోపు బ్లాకీ ఒకదాన్ని లాక్కెళ్ళి తిన్నదని, ఈసుకుపోయిన పంది మాయ కూడా అదే తిన్నదని. కుక్కకు ఎప్పుడూ రేబిస్ సూది వేయించలేదు, తప్పే.

ఇది రేబిసా? పందుల జబ్బే కుక్కకి అంటుకుందా? తమ్ముడికి సూదులు వేయించాలా? పక్క పొలంలో ఒకాయన జోడిపి గొర్రెలు 80 దాకా మేపుతాడు, మా షెడ్డు తొట్టి దగ్గరే నీళ్ళు తాగుతాయి, ఆయనకి చెప్పాలా వద్దా? చెప్తే ఊళ్ళో గొడవ.

ఒంగోలు_బైపాస్:
అన్నా, నాకైతే ఇది మందు తిన్న కేసులా ఉంది. మీ వైపు వరి పొలాలకి పురుగుమందు కొట్టిన డబ్బాలు కాలువ గట్టునే పారేస్తారు కదా. మా మామ వాళ్ళ కుక్క ఇట్టాగే చొంగ కార్చుకుంటూ వణుకుతూ ఆరు గంటల్లో పోయింది. కాకపోతే గీరుకోవడం లేదు దానికి. అదొక్కటే తేడా.

నెట్_డాక్టర్_నెల్లూరు:
టెన్షన్ పడకండి బ్రో. మీరు రాసినవన్నీ పెట్టి వెతికాను, వంద శాతం సూడోరేబిస్. దొంగ రేబిస్ అనుకోండి. పందుల నుంచి కుక్కలకి వస్తుంది, విపరీతమైన దురద, రెండు రోజుల్లో చావు, అన్నీ సరిపోయాయి. మనుషులకి రాదు. కాబట్టి తమ్ముడికి సూదులు గీదులు ఏమీ అక్కర్లేదు, డబ్బులు దండగ.

బుచ్చి_పశువైద్యుడు:
పైన రాసిన బాబూ, నువ్వు సగం కరెక్టు చెప్పి మిగతా సగంతో ఒక మనిషిని చంపేసేలా ఉన్నావు. ఆ చివరి వాక్యం దయచేసి తీసెయ్. పైగా కుక్క కాటు సూది ప్రభుత్వాసుపత్రిలో ఉచితం, దండగ అయ్యే డబ్బులేం లేవు.

కావలి తమ్ముడూ, నేను పశుసంవర్ధక శాఖలో చేసి రిటైరైన వాణ్ణి. ముందు మీ తమ్ముడి సంగతి, పందులు తర్వాత. ఈ పోస్టు చదవడం ఆపి అతన్ని మీ పీహెచ్‌సీకి పంపించు. టీకా వేయించుకోని కుక్క, చొంగ, మింగలేకపోవడం, గొంతు మారడం, లక్షణాలు మొదలైన రెండో రోజే చావు. మన దేశంలో ఇలాంటి కుక్క చస్తే, కాదని తేలేదాకా రేబిస్ కిందే లెక్క. కరవలేదు కదా అంటావేమో, తెగిన చర్మానికి చొంగ తగిలితే కాటుతో సమానంగానే చూస్తారు. అంటే టీకాతో పాటు గాయం చుట్టూ ఇమ్యునోగ్లోబ్యులిన్, అంటే వెంటనే రక్షణ ఇచ్చే ఇంజెక్షన్, కూడా వేయాల్సిన రకం. వెళ్ళే ముందు ఆ చేతిని సబ్బు రాసి పారే నీళ్ళ కింద 15 నిమిషాలు కడగమను. ఆలస్యమైంది కదా ఇప్పుడెందుకు అనుకోవద్దు, కడగాల్సిందే. టీకా కండకి వేస్తే 0 (మొదటి సూది వేసిన రోజు), 3, 7, 14, 28 రోజులు, చర్మంలోకి వేసే పద్ధతిలో అయితే 0, 3, 7, 28. ఒక్కటి కూడా ఎగ్గొట్టకూడదు. రేబిస్ లక్షణాలు ఒకసారి మనిషిలో మొదలైతే ఇక ఎవరి చేతిలోనూ ఏమీ ఉండదు.

ఇప్పుడు సూడోరేబిస్ సంగతి. నీ కథ చదివితే నాకూ మొదట మనసులో మెదిలింది అదే, దాచను. దాని అసలు పేరు ఔయెస్కీ వ్యాధి, మేం కాలేజీలో స్పెల్లింగ్ చూసి అజెస్కీ అని చదివేసేవాళ్ళం. 1902లో హంగరీలో ఔయెస్కీ అనే ఆయన పిచ్చి పట్టినట్టు చచ్చిన ఎద్దు, కుక్క లాంటి వాటిని పరీక్షించి, ఇది రేబిస్ కాదు, వేరే సూక్ష్మజీవి అని చెప్పాడు. అంతకు చాలా ముందే, 1813లోనే, అమెరికాలో పశువులు దురదతో పిచ్చెత్తి చచ్చాయని రాసి పెట్టారు. వాళ్ళు దాన్ని పిచ్చి దురద అనేవాళ్ళు. రేబిస్ వైరస్‌కీ దీనికీ చుట్టరికం ఏమీ లేదు. ఇది హెర్పిస్ కుటుంబం, మనకు పెదవి మీద జ్వరపు పొక్కులు వస్తాయే, ఆ జాతి. ఆ పొక్కులు ఎలాగైతే తగ్గినట్టే తగ్గి మళ్ళీ జ్వరం వచ్చినప్పుడు లేస్తాయో, ఇదీ పందిలో అంతే. జబ్బు తగ్గాక వైరస్ నరాల గుత్తుల్లో, టాన్సిల్స్‌లో నక్కి పడుకుంటుంది. పందిని లారీ ఎక్కించినా, ఈనినా, ఒత్తిడి ఎక్కువైనా మళ్ళీ లేచి ముక్కులోంచి, చొంగలోంచి బయటికొస్తుంది. మీరు తెచ్చిన మూడు ఆడపందులు చూడటానికి బాగానే ఉన్నాయన్నావు చూడు, నన్ను ఆపింది ఆ మాటే. రెండు రోజుల తుమ్ములు, అంతే.

పందికి మాత్రమే ఈ వైరస్‌తో బతకడం తెలుసు. వయసును బట్టి ఉంటుంది. రెండు వారాల లోపు పిల్లలైతే దాదాపు అన్నీ పోతాయి, వణుకు, కాళ్ళు కొట్టుకోవడం, నువ్వు రాసినట్టే. ఎదిగేవి దగ్గి, తుమ్మి, మేత మానేసి కోలుకుంటాయి. చూడివి ఈసుకుపోతాయి, లేకపోతే లోపలే ఎండిపోయిన పిల్లల్ని వేస్తాయి. ఆవు, గొర్రె, మేక, కుక్క, పిల్లి వీటికి సోకితే మాత్రం తప్పించుకునేది బహు అరుదు, ఎక్కువ భాగం ఒకటి నుంచి మూడు రోజుల్లో పోతాయి. వైరస్ ఎక్కడ నుంచి ఎక్కిందో అక్కడ దురద. పచ్చి మాంసం తిన్న కుక్కకి నోటి నుంచి ఎక్కుతుంది కాబట్టి మూతి, దవడ గీరుకుంటుంది. వెనకటికి ల్యాబు సౌకర్యాలు లేని రోజుల్లో కుందేలుకి చర్మం కింద సూది వేసేవాళ్ళు, ఆ వేసిన చోటే అది కొరుక్కుంటూ చస్తే జబ్బు ఇదే అని తేల్చేవాళ్ళు.

అయినా నేను వంద శాతం అనను. కుక్క చావు వేరు, పందుల జబ్బు వేరు, రెండూ ఒకే వారంలో పడ్డాయి అని కూడా అనుకోవచ్చు. రేబిస్ కుక్కకీ దురద ఉండొచ్చు. మన పందుల్లో పిల్లల చావులు, ఈసుకుపోవడం చూస్తే మేం మొదట అనుమానించేది క్లాసికల్ స్వైన్ ఫీవర్, అది దేశమంతా పాతుకుపోయిన జబ్బు. కానీ అందులో పెద్దవి కూడా చస్తాయి, చెవులూ పొట్టా ఊదా రంగు మచ్చలు తేలతాయి. ఆఫ్రికన్ స్వైన్ ఫీవర్ అంటావా, 2020లో అస్సాం, అరుణాచల్‌లో మొదట బయటపడింది, అదైతే చిన్నా పెద్దా తేడా లేకుండా షెడ్డు ఊడ్చేస్తుంది. ఆ రెండూ పందులకే, కుక్కకి రావు. పరీక్ష లేకుండా ఫోన్లో చెప్పేవాళ్ళని నమ్మొద్దు, నాతో సహా.

కావలి_సీమపందులు:
డాక్టర్ గారూ, తమ్ముడు పోయాడు, మొదటి సూది వేశారు. ఇమ్యునోగ్లోబ్యులిన్ అక్కడ లేదు, నెల్లూరు పెద్దాసుపత్రికి రాసిచ్చారు, మధ్యాహ్నం బస్సుకి పోతున్నాడు. ఈసుకుపోయిన పిల్లల్ని ఎత్తి పారేసింది నేనే, ఒట్టి చేతులతో. నాకు కూడా కావాలా?

ఇంకొకటి. కుక్కని తవ్వి తల పంపించమంటారా? నాలుగు రోజులైంది. నాన్న ఒప్పుకోవడం లేదు.

గిద్దలూరు_కొండపక్క:
ఇది చదువుతుంటే నాకు ఒళ్ళు జలదరించింది. మా వైపు నల్లమల అంచున వేరుశెనగ చేలల్లో అడవిపందులు పడతాయి. వాటిని కొట్టడం నేరం అని తెలిసినా చాటుగా కొట్టేవాళ్ళు ఉన్నారు, ఎవరో నేను చెప్పను. రెండేళ్ళ కింద అట్టాంటి ఒకచోట పేగులూ అవీ కుక్కలకి వేశారు. ఐదు రోజులకి మూడు కుక్కలు ఒకే రోజు పిచ్చెక్కినట్టు మొహాలు చీల్చుకున్నాయి, రెండో రోజుకి ఒక్కటీ లేదు. ఊరంతా దిష్టి అన్నారు, కొంతమంది ఫారెస్టు వాళ్ళు విషం పెట్టారన్నారు. ఇట్టాంటి జబ్బు ఒకటి ఉందని ఈరోజే తెలిసింది. అడవిపందిలో కూడా ఇది ఉంటుందా సార్?

ఆత్మకూరు_మాంసం_ప్రియుడు:
సీరియస్ విషయమే కానీ ఒక డౌటు. ఆదివారం పంది కూర తిన్నాం, ఇప్పుడు నేను గోడకి మొహం రుద్దుకుంటానా?

బుచ్చి_పశువైద్యుడు:
ఆత్మకూరాయనా, ఉడికిన కూరలో వైరస్ బతకదు, రుద్దుకోవు. ఈ వైరస్ మనుషులకి సోకడం బాగా అరుదు. అసలే రాదని మేం చదువుకున్నాం, కానీ ఈమధ్య ఏళ్ళలో చైనాలో పంది మాంసం కోసేవాళ్ళకి, ఫారాల్లో చేతులు తెగిన వాళ్ళకి దీనివల్ల మెదడువాపు వచ్చిన కేసులు పత్రికల్లో రాశారు. కాబట్టి భయం కూరతో కాదు, తెగిన చేతితో పచ్చి మాంసం, మాయ, రక్తం ముట్టుకోవడంతో.

కావలి తమ్ముడూ, నీ చేతి సంగతికి వస్తే, కుక్క చొంగ నీకు తగిలిందా లేదా అనేదే ముఖ్యం. దాని నోరు పట్టుకున్నా, చొంగ తుడిచినా నువ్వూ వేయించుకో, పీహెచ్‌సీలో ఉన్నది ఉన్నట్టు చెప్పు, వాళ్ళు చూసుకుంటారు. పందిపిల్లల్ని ఎత్తినందుకు రేబిస్ సూది అక్కర్లేదు. కానీ ఈసుకుపోయిన ఏ జంతువు పిండాన్నయినా ఒట్టి చేత్తో ఎత్తకూడదు, బ్రూసెల్లా అని ఇంకో శని ఉంది, నెలల తరబడి వచ్చిపోయే జ్వరాలు, కీళ్ళ నొప్పులు. గ్లౌజు లేకపోతే కనీసం ప్లాస్టిక్ కవరు తొడుక్కో. వచ్చే కొన్ని నెలల్లో జ్వరం వస్తే ఈ సంగతి డాక్టరుకి చెప్పు. డాక్టర్లు పందులు ఉన్నాయా అని అడగరు, మనమే చెప్పాలి.

కుక్కని నువ్వు తవ్వొద్దు. ఎక్కడ పూడ్చారో పశువుల డాక్టరుకి చూపించు, పనికొస్తుందో లేదో ఆయన చెప్తాడు. ఈ ఎండలకి నాలుగో రోజు తలలో మెదడు మిగిలి ఉంటుందని నేను ఆశపడను. ఉన్నది పందుల్లోనే. ఇప్పుడు చచ్చిన పిల్ల ఉంటే పూడ్చకండి, ఐసు పెట్టెలో పెట్టి మూత వేసి పశువైద్య సాయం నంబరు 1962కి ఫోన్ చెయ్యి, లేదా మీ మండలం పశువుల ఆసుపత్రికి ఈ పూటే వెళ్ళు. వాళ్ళు మెదడు, టాన్సిల్స్ ముక్క తీస్తారు, పెద్ద పందుల రక్తం తీస్తారు. నీ దగ్గర 14 తల్లులు, కొత్తగా తెచ్చిన మూడు ఉన్నాయి కదా, ఆ మూడింటి రక్తం తప్పకుండా తీయమను.

అప్పటిదాకా ఒక్క పందిని కూడా అమ్మొద్దు. ఇది నీకు కష్టంగా ఉంటుందని తెలుసు, మేత ఖర్చు ఆగదు, నాన్న ఊరుకోడు. కానీ మీ షెడ్డులోకి ఈ జబ్బు వచ్చింది ఎవరో ఇలా చవగ్గా వదిలించుకోవడం వల్లే అయితే, నువ్వు కూడా ఇంకొకరికి అదే చెయ్యకు. మెస్సు ఎంగిలన్నం మానమని అనను, మీ షెడ్డు నడిచేదే దాని మీద. కానీ పెద్ద డేగిసాలో బాగా మరిగించి పెట్టండి. ఎంగిలన్నంలో పచ్చి మాంసం ముక్కలు, ఎముకలు ఉంటాయి, పందుల జబ్బులు సగం ఆ దారినే వస్తాయి. చచ్చిన పిల్లల్ని కాలువలో వేయడం, చెరువు గట్టున గిరాటెయ్యడం వద్దు. నాలుగైదు అడుగుల గుంత, సున్నం, పైన ముళ్ళకంప, కుక్కలు పెకలించకుండా. నేలకి బ్లీచింగ్ నీళ్ళు కొట్టండి, షెడ్డులో ఎండ పడేలా కప్పు తెరవండి. తడి, చల్లదనం ఉన్న పేడలో ఇది వారాలు నిలుస్తుంది, ఎండకి, ఎండిపోవడానికి తట్టుకోలేదు.

గొర్రెల ఆయనకి చెప్పాల్సిందే. ఊళ్ళో గొడవ అంటావు కానీ, రేపు ఆయన జోడిపి గొర్రె ఒకటి వెంట్రుకలు పీక్కుంటూ చస్తే అప్పుడు జరిగే గొడవ ఇంకా పెద్దది. తొట్టి నీళ్ళు వేరు చెయ్యి, పందులకీ గొర్రెలకీ మధ్య కంచె వెయ్యి. మంచి సంగతి ఏమిటంటే గొర్రె నుంచి గొర్రెకి, కుక్క నుంచి కుక్కకి ఇది సాధారణంగా పాకదు, పంది దగ్గర నుంచే వస్తుంది. పంది దగ్గర ఆపితే చాలు.

గిద్దలూరు బాబూ, ఉంటుంది. అమెరికాలో 1989లో మొదలుపెట్టి 2004కి ఫారం పందులన్నిటిలో దీన్ని తుడిచిపెట్టారు, కానీ అక్కడి అడవిపందుల్లో ఇప్పటికీ ఉంది, వాటి వెంట పడే వేట కుక్కలు నువ్వు రాసినట్టే చస్తుంటాయి. మీ ఊళ్ళో మూడు కుక్కలకి ఇదే వచ్చిందో, ఎవరో విషమే పెట్టారో ఇప్పుడు చెప్పలేం.

నెట్_డాక్టర్_నెల్లూరు:
సార్ సారీ, ఆ లైను తీసేశాను. నిజంగానే తెలియక రాశాను. ఒక ప్రశ్న, పందులకి దీనికి టీకా ఉందని చదివాను, అది తెప్పించి వేసేస్తే సరిపోదా?

బుచ్చి_పశువైద్యుడు:
తీసినందుకు సంతోషం. టీకా ఉంది, తెలివైన టీకానే. వైరస్‌లో ఒక జన్యువు తీసేసి తయారు చేస్తారు, దాంతో రక్త పరీక్షలో ఏది టీకా పంది, ఏది నిజంగా జబ్బు సోకిన పంది అని వేరు చేయొచ్చు. దేశాలు ఈ జబ్బుని తుడిచింది ఆ కిటుకుతోనే, టీకా వేస్తూ, సోకిన వాటిని ఏరి తీసేస్తూ. కానీ అది పంది చావుని, వైరస్ చిమ్మడాన్ని తగ్గిస్తుందే తప్ప లోపల నక్కినదాన్ని బయటికి లాగదు. 2011లో చైనాలో టీకా వేసిన ఫారాల్లోనే వైరస్ మారి మళ్ళీ విరుచుకుపడింది. జబ్బు ఏదో తేలకముందే ఎవరో కొరియర్లో పంపే సీసా కొని వేస్తే రేపు రక్త పరీక్ష కూడా అయోమయం అవుతుంది. అది డిపార్ట్‌మెంటు వాళ్ళు నిర్ణయించాల్సిన పని. ఇప్పుడు మీ మండలంలో అడిగి వేయించాల్సింది క్లాసికల్ స్వైన్ ఫీవర్ టీకా, అది కూడా ఈ గొడవ సద్దుమణిగాక, డాక్టరు చెప్పినప్పుడు.

కావలి_సీమపందులు:
అప్‌డేట్. నిన్న పశువుల డాక్టరు మేడం, ఇద్దరు సిబ్బంది వచ్చారు. తెల్లవారుజామున చచ్చిన పిల్లని ఐసులో పెట్టి ఉంచాం, దాన్ని తీసుకున్నారు. 17 ఆడపందులకీ, పోతుకీ రక్తం తీశారు, మూడు గంటలు పట్టింది, నాన్నకి పోతుపంది గుద్ది మోకాలు వాచింది. కుక్క గుంత చూసి లాభం లేదన్నారు. అంటే బ్లాకీకి వచ్చింది ఏమిటో ఇక తెలియదు, అందుకే మా ఇద్దరికీ సూదులు పూర్తిగా వేయించుకోమన్నారు. తమ్ముడికి నెల్లూరులో గాయం చుట్టూ ఇంజెక్షన్ ఇచ్చారు, బాగా నొప్పి అంట, వాడు అది తప్ప వేరే మాట మాట్లాడటం లేదు. పందుల రిజల్టు రావడానికి రోజులు పడుతుందన్నారు.

గొర్రెల ఆయన దగ్గరికి నేనే పోయి చెప్పాను. తిడతాడనుకున్నా. ఆయన కాసేపు ఏమీ అనకుండా కూర్చుని, పోయిన వారం ఒక గొర్రె వెనక కాలు కొరుక్కుని కొరుక్కుని పోయిందిరా, పాము అనుకున్నా అన్నాడు. దాన్ని ఏం చేశావు మామా అంటే, కోసి పంచుకున్నాం అన్నాడు.

డాక్టర్ గారూ, ఇప్పుడు దానికేం చెయ్యాలి?

బుచ్చి_పశువైద్యుడు:
వండుకుని తిన్న వాళ్ళకి ఏమీ కాదు, అది వదిలెయ్. కోసింది ఎవరు, తల కొట్టి మెదడు తీసింది ఎవరు, వాళ్ళ చేతికి గాయాలున్నాయా అడుగు. రేబిస్ గొర్రెకి కూడా వస్తుంది, పిచ్చికుక్క కరిస్తే. వాళ్ళని ఈరోజే పీహెచ్‌సీకి తీసుకుపో. ఆ పేగులు ఏ కుక్కలకి వేశారో కూడా అడుగు, వాటిని పది రోజులు కట్టేసి చూడమను. మేడంకి ఈ గొర్రె సంగతి ఫోన్ చేసి చెప్పు, ఇప్పుడే. ఆమె రాసుకున్న కాగితంలో ఇది లేదు కదా.